గుండు, బాణం, తూటా: రకాలు, వాటిని ప్రయోగించిన ఆయుధాలు

రాయచూరు, బిజాపురం, గోలకొండ కోటలను దర్శించేవారు బురుజులపై నిలిచిన ఫిరంగులను ఆశ్చర్యంతో పరికిస్తారు. వాటి నుండి వెలువడిన గుండ్లను గురించి ఆలోచించేవారు తక్కువ. నిజానికి ఫిరంగి అయినా, తుపాకి అయినా ఒక గొట్టం మాత్రమే. దెబ్బ తీసేది గుండు. గుండు ఆకారం, బరువు, లోపలి పదార్థం మారినకొద్దీ ఆయుధమూ, దానితోపాటు యుద్ధరీతీ మారుతూ వచ్చాయి.

సురేకారం, గంధకం, బొగ్గు కలిపి చేసిన నల్లమందు వీటన్నిటికీ మూలం. గొట్టం అడుగున మందు కూరి, దానిపై గుండు ఉంచి నిప్పంటిస్తే, పుట్టిన వాయువులు వ్యాకోచించి గుండును ముందుకు నెడతాయి.

నిండు గుండు

లోపల ఖాళీ లేని రాతి లేదా ఇనుప గుండు ఇది. ఇది పేలదు. తన బరువుతో, వేగంతో గోడలను కూలుస్తుంది. బిజాపురంలోని మాలిక్-ఎ-మైదాన్ ఇట్టి భారీ ఫిరంగులలో ప్రసిద్ధమైనది. 1549లో అహమ్మద్‌నగర్‌లో కంచుతో పోతపోసిన ఈ ఫిరంగి బరువు సుమారు 55 టన్నులు. దీని మూతి నోరు తెరచిన సింహం ఆకారంలో ఉంటుంది. 1757 జనవరి 24న బొబ్బిలి కోటను ముట్టడించిన ఫ్రెంచి సేనాని బుస్సీకి ప్రధానబలం ఫిరంగిదళమే.

చెదరు గుండ్లు

దూరపు గోడకు నిండు గుండు తగినదే గాని, దగ్గరకు దూసుకువచ్చే సైన్యాన్ని ఆపడానికి అది చాలదు. అందుకై చిన్న గుండ్లను రేకుడబ్బాలో గాని, సంచిలో గాని నింపి పేల్చేవారు. అవి గొట్టం దాటగానే విసనకర్రలా విచ్చుకొని ఒకేసారి పలువురిని నేలకూల్చేవి. 1565 నాటి తాళికోట యుద్ధంలో దక్కను సుల్తానుల పక్షాన ఫిరంగులలో రాగి నాణేల సంచులు కూరి పేల్చారని చరిత్రకారుడు ఫెరిష్తా రాశాడు. నేటి వేట తుపాకిలో వాడే సీసపు చిన్న గుళ్లు ఈ జాతికి చెందినవే.

గుల్ల గుండు

లోపల బోలుగా చేసి మందు నింపిన ఇనుప గుండు ఇది. దీని రంధ్రంలో అమర్చిన వత్తి నెమ్మదిగా కాలి, గుండు లక్ష్యాన్ని చేరే వేళకు లోపలి మందును అంటిస్తుంది. గోడ మీదుగా కోట లోపల పడేటట్లు వీటిని ఎత్తుగా విసరడానికి పొట్టి గొట్టం గల మోర్టారును వాడేవారు. గుల్ల గుండులో చిన్న గుండ్లను కూడా నింపి, శత్రువుల నెత్తిన పేలే రకాన్ని 1784లో బ్రిటిష్ అధికారి హెన్రీ ష్రాప్నెల్ రూపొందించాడు. కాలక్రమాన గుండ్రని గుండు పోయి, కొనదేలిన పొడవాటి షెల్ వచ్చింది. 1999 కార్గిల్ యుద్ధంలో భారత సైన్యం వాడిన బోఫోర్స్ శతఘ్ని షెల్ వ్యాసం 155 మిల్లీమీటర్లు.

బాణం

దీనికి గొట్టపు ఫిరంగితో పనిలేదు. తారాజువ్వవలె తన మందును తానే కాల్చుకుంటూ ఎగురుతుంది. బాణసంచా అనే మాటలో ఈ బాణం నేటికీ నిలిచి ఉంది. మైసూరు పాలకులు హైదర్ అలీ, టిప్పు సుల్తాన్ కాగితపు గొట్టానికి మారుగా ఇనుప గొట్టాన్ని వాడించారు. ఇనుము అధిక పీడనాన్ని తట్టుకొనగలిగినందున బాణం మరింత దూరం సాగింది. సూటి కుదరడానికి గొట్టానికి వెదురుకర్రను గాని, కత్తిని గాని కట్టేవారు. 1780 సెప్టెంబరు 10న కాంచీపురం సమీపాన పొల్లిలూరు వద్ద కల్నల్ బెయిలీ సేన ఓడిపోయిన యుద్ధంలో ఈ బాణాలు ప్రయోగించబడ్డాయి. ఆ యుద్ధచిత్రం శ్రీరంగపట్నం దరియా దౌలత్ భవనం గోడపై ఉంది. 1799లో శ్రీరంగపట్నం పతనమైన పిదప ఆంగ్లేయులు ఈ బాణాలను ఇంగ్లండుకు తరలించారు. వాటి ఆధారంగా విలియం కాంగ్రీవ్ తన రాకెట్లను తయారుచేశాడు.

తుపాకి గుండు, తూటా

తొలి తుపాకులు వత్తితో అంటించేవి, పిదప చెకుముకి రాతితో పేలేవి. రెండింటిలోనూ వాడినది సీసపు గోళీయే. 1520లో శ్రీకృష్ణదేవరాయలు రాయచూరును ముట్టడించినప్పుడు పోర్చుగీసు తుపాకీదారులు గోడలపైనున్న కావలివారిని గురిచూసి కొట్టారని న్యూనిజ్ వర్ణించాడు.

గొట్టం లోపల మెలికల గాడులు చెక్కినదే రైఫిల్. ఆ గాడుల వలన గుండు బొంగరంవలె తిరుగుతూ సూటిగా పోతుంది. 1853 నమూనా ఎన్‌ఫీల్డ్ రైఫిల్‌లో మందును, గుండును కలిపి కొవ్వు పూసిన కాగితంలో చుట్టేవారు. ఆవు, పంది కొవ్వు పూశారన్న అనుమానం 1857 తిరుగుబాటుకు కారణాలలో ఒకటైంది. తరువాత ఇత్తడి గొట్టంలో క్యాప్, మందు, గుండు మూడూ ఇమిడిన నేటి తూటా వచ్చింది. శరీరంలో విచ్చుకొని ఘోరమైన గాయం చేసే దమ్‌దమ్ తూటాకు కలకత్తా సమీపంలోని ఆయుధశాల పేరే వచ్చింది. అట్టి తూటాలను యుద్ధంలో వాడరాదని 1899 హేగ్ ప్రకటన నిషేధించింది.

తూటా లేని తుపాకి కర్రతో సమానం. 1922 ఆగస్టు 22, 23, 24 తేదీలలో చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసు స్టేషన్లపై దాడిచేసిన అల్లూరి సీతారామరాజు దళం తుపాకులతోపాటు తూటాలనూ పట్టుకుపోవడానికి కారణమిదే.

కొలతలు

303 తూటా అంటే అంగుళంలో వెయ్యింట 303 వంతుల లోవ్యాసం గల గొట్టానికి చెందినదని అర్థం. వేట తుపాకి లెక్క వేరు. ఒక పౌను సీసంతో 12 సమానమైన గోళీలు చేస్తే, ఒక్కొక్క గోళీ పట్టే గొట్టమే 12 బోరు. అందువలన సంఖ్య పెరిగేకొద్దీ గొట్టం సన్నబడుతుంది.

నేలలో దొరికినప్పుడు

శివమొగ్గ జిల్లా నగర కోట ప్రాంతంలో 2018లో పాడుబడిన బావిని తవ్వగా టిప్పు కాలం నాటివిగా భావించే వెయ్యికి పైగా బాణాలు బయటపడ్డాయి. కోటల చెంత పొలం దున్నినా, బావి పూడిక తీసినా ఇట్టివి దొరికే అవకాశం ఉంది. నిండు గుండు పేలదు. రంధ్రం గల గుల్ల గుండులో మాత్రం మందు మిగిలి ఉండవచ్చు. తుప్పు పట్టిన గుండు నిండుదో గుల్లదో పైకి తెలియదు. కావున దానిని కొట్టరాదు, కాల్చరాదు, పాత ఇనుముకు అమ్మరాదు. ఉన్నచోటనే ఉంచి, పోలీసులకు, పురావస్తు శాఖకు తెలియజేయాలి. దొరికిన చోటు, లోతు, దిక్కు తెలిస్తేనే ఆ గుండు ఏ ముట్టడి నాటిదో, ఎటునుండి వచ్చిందో పరిశోధకులు ఊహించగలుగుతారు. తూకానికి పోయిన గుండు ప్రాణాపాయాన్ని వెంట తీసుకుపోతుంది, ఊరి చరిత్రలో ఒక పుటనూ తీసుకుపోతుంది.