నుదుట వ్రాసిన అక్షరం

బ్రహ్మ ప్రతి ప్రాణి నుదుటా ఏదో వ్రాస్తాడనీ, ఆ వ్రాతను ఎవరూ తుడపలేరనీ మనవాళ్ళ నమ్మిక. నుదుటి వ్రాతతోనే ఊపిరి పోసుకొని, అందులో ఒక్క అక్షరం చెరిపితే మట్టిలో కలిసిపోయే ప్రాణిని యూదులు ఊహించారు. దాని పేరు గోలెం. అక్షరానికి దేహమిచ్చిన ఈ కల్పన చరిత్ర నన్ను చాలాకాలంగా ఆకర్షిస్తున్నది. తెలిసినంత మేరకు చదువరులతో పంచుకొంటాను.

గోలెం అనే మాట మూలం హీబ్రూ బైబిలులోని 139వ కీర్తనలో ఉంది. అక్కడ దాని అర్థం ఇంకా రూపు దిద్దుకోని పిండం. తర్వాత బాబిలోనియా తాల్ముదులో ఒక చిన్న కథ కనిపిస్తుంది. క్రీ.శ. 4వ శతాబ్దికి చెందిన రవా అనే పండితుడు ఒక మనిషిని సృష్టించి, రబ్బీ జీరా వద్దకు పంపాడట. జీరా పలుకరించాడు. బదులు లేదు. ఇది తోటి పండితుల చేతి పని అని గ్రహించి, "నీ మట్టికి నీవు పో" అన్నాడట. కథ అంతే. నుదుటి అక్షరాల ప్రసక్తి అందులో లేదు.

అక్షరాలకు, అవయవాలకు ముడిపెట్టినది 'సెఫెర్ యెత్సిరా' అనే గ్రంథం. పేరుకు అర్థం సృష్టి గ్రంథమని. హీబ్రూ వర్ణమాలలోని 22 అక్షరాలతోనే దేవుడు జగత్తును నిర్మించాడని అది చెబుతుంది. మూడు మాతృ వర్ణాలు శిరస్సుకు, వక్షానికి, ఉదరానికి. ఏడు వర్ణాలు కన్నులు, చెవులు, నాసారంధ్రాలు, నోరు అనే సప్త ద్వారాలకు. మిగిలిన పన్నెండు ఇతర అవయవాలకు. జర్మనీలోని వర్మ్స్ నగరవాసి ఎలియాజర్ (మరణం సుమారు 1238) దీనికి వ్యాఖ్య వ్రాస్తూ, ఎవరూ దున్నని నేల మట్టితో బొమ్మను చేసి, ఒక్కొక్క అవయవం మీద అక్షర సంయోగాలు ఉచ్చరించే విధానం వివరించాడు.

మన ఆగమ పద్ధతి తెలిసిన వారికి ఇక్కడ మాతృకా న్యాసం స్ఫురించక మానదు. సాధకుడు అకారాన్ని నుదుట, ఇకార ఈకారాలను కన్నులపై, ఉకార ఊకారాలను చెవులపై ఉంచి, వర్ణమాలనంతటినీ తన దేహంలో ప్రతిష్ఠించుకొంటాడు. ఒకరిని చూసి మరొకరు నేర్చారని నేననను. అయితే ఒక భేదం మాత్రం గమనింపదగినది. మన సాధకుడు ఉన్న దేహాన్నే అక్షరమయం చేసుకొంటాడు. అక్కడి పండితుడు అక్షరాలతో లేని దేహాన్ని కల్పించబోతాడు.

నుదుటి వ్రాత మధ్యయుగపు కథల్లో వస్తుంది. 'ఎమెత్' అంటే సత్యం. ఆలెఫ్, మెమ్, తావ్ అనే మూడు అక్షరాలు. మొదటి అక్షరం ఆలెఫ్‌ను చెరిపితే మిగిలేది 'మెత్', అంటే మృతుడు. పోలెండు యూదుల నోట ఉన్న కథను 1808లో యాకోబ్ గ్రిమ్ ప్రకటించాడు. అందులో ఇంటిపనులు చేసే గోలెం రోజురోజుకూ పెరిగి, యజమానికి నుదురు అందనంత ఎత్తయింది. చెప్పులు విప్పమని వంచి అతడు ఆలెఫ్‌ను చెరిపాడు. ఆ మట్టి కుప్ప అతని మీదే కూలింది.

ప్రాగ్ నగరపు రబ్బీ యూదా లోవ్ (మరణం 1609) గోలెమును చేశాడన్నది నేడు లోకప్రసిద్ధం. ఆయన గ్రంథాలలో మాత్రం దాని ఊసే లేదు. ఆయన పేరు కథకు ముడిపడి అచ్చులోకి వచ్చింది 19వ శతాబ్దంలో. 1909లో యూడల్ రోసెన్‌బర్గ్ ఒక ప్రాచీన ప్రతి దొరికిందంటూ పుస్తకం ప్రకటించాడు. ఆ ప్రతి కల్పితమని పరిశోధకులు తేల్చారు. అయినా కల్పన ఎందుకు పుట్టిందో ఆలోచించాలి. పండుగ రొట్టెకోసం యూదులు క్రైస్తవ శిశువుల రక్తం తీస్తారనే ఘోరాపవాదం ఆనాటికీ సజీవంగా ఉంది. రోసెన్‌బర్గ్ గోలెం ఆ అపవాదు నుండి తన వారిని కాపాడుతుంది. ఆయుధం చేత లేని జాతి తన వద్ద ఉన్న అక్షరాలతోనే ఒక కావలివాణ్ణి చేసుకొన్నది.

ఆ కావలివాడు రాలేదు. బొహీమియా, మొరేవియా ప్రాంతాల యూదులలో దాదాపు 80,000 మంది నాజీల చేతిలో హతులయ్యారు. ప్రాగులోని పింకస్ ప్రార్థన మందిరపు గోడల మీద 1950ల్లో వారి పేర్లన్నీ చేత్తో వ్రాశారు. నేల చెమ్మ కారణంగా 1968లో మందిరం మూతపడింది. ఆ తర్వాత గోడల మీది పేర్లూ పోయాయి. 1992-96 మధ్య ఒక్కొక్క పేరే మళ్ళీ వ్రాశారు.

ఏళ్ళ తరబడి పిల్లల చేత అక్షరాలు దిద్దించినవాణ్ణి. న క్షరతీతి అక్షరమ్, నశించనిది కనుక అక్షరమని చెప్పేవాణ్ణి. ప్రాగు గోడల సంగతి తెలిశాక ఆ వ్యుత్పత్తికి ఒక మాట చేర్చాలనిపిస్తున్నది. చెమ్మకు సున్నంతో పాటు అక్షరమూ రాలుతుంది. మరల వ్రాసే చేయి ఉన్నంతవరకే అది అక్షరం. అలా వ్రాసినంత మాత్రాన ఆ గోడ మీది వారెవరూ లేచి రారు. రవా చేసిన మనిషి వలెనే, పిలిచినా పలుకరు. ఆ పేర్లను చదివి పలుకవలసినది మనమే.