తిలిస్మ్

తిలిస్మ్ అనగా ఉర్దూ దాస్తానులలో (సుదీర్ఘ వీరగాథలలో) మాంత్రికులు నిర్మించిన మాయాలోకము. ఇది మన లోకమునకు సమాంతరముగా, తనవైన నియమములతో నడచును.

నియమములు

తిలిస్మును నిర్మించినపుడే దాని అంతము ఎవరిచేత కలుగునో నిర్ణయింపబడును. దానిని ఛేదించు విధానమును 'లౌహ్' అను ఫలకము తెలుపును. 'తిలిస్మె హోష్‌రుబా' కథలో చక్రవర్తి అఫ్రాసియాబ్ ఎంతటి మాంత్రికుడైనను, అమీర్ హంజా మనుమడైన అసద్ చేతిలో తన లోకము పతనమగుటను తప్పింపలేడు. కావున దాస్తాన్‌గో (కథకుడు) నడుమ ఎన్ని ఉపకథలు పెంచినను ముగింపు చెదరదు.

హైదరాబాదుతో సంబంధము

నోటిమాటగా వ్యాపించిన హంజా కథలో పాఠభేదములు అనేకము. నేడు పాతబస్తీగా పిలువబడు హైదరాబాదు నగరమునకు 17వ శతాబ్దములో, కుతుబ్‌షాహీల కాలమున, హాజీ కిస్సాఖ్వాన్ హమదానీ అను కథకుడు వచ్చెను. ఆయన తన వెంట తెచ్చిన వ్రాతప్రతుల సారమును 'జుబ్దతుర్ రుమూజ్' (రహస్యముల సారము) అను పారశీక గ్రంథముగా కూర్చెను.

ముద్రణ, తరువాతి చరిత్ర

లక్నోలోని నవల్ కిశోర్ ముద్రణాలయము హోష్‌రుబాను 1883 నుండి ప్రచురించెను. దానితో కలిపి హంజా దాస్తాను మొత్తము 46 సంపుటములుగా వెలువడినది. చివరి ప్రసిద్ధ దాస్తాన్‌గో మీర్ బాకర్ అలీ 1928లో ఢిల్లీలో మరణించుటతో పాత మౌఖిక పరంపర ఆగిపోయినది. 2005లో ఢిల్లీలోనే ఈ కళ పునరుద్ధరింపబడినది. నాటి కథకులు పుస్తకమునకు ఎక్కించనివి మాత్రము తిరిగి లభింపలేదు.