ఊరికుక్క పూర్వచరిత్రము



పల్నాడనగానే ఎల్లవారికిని ముందుగా జ్ఞప్తికి వచ్చునది కోడిపందెము. పండ్రెండవ శతాబ్దమున నాయకురాలు నాగమ్మకును బ్రహ్మనాయనికిని నడుమ జరిగిన ఆ పందెమే కారెంపూడి రణమునకు దారితీసెనని వీరగాథలు పాడువారు నేటికిని చెప్పుచున్నారు. కోడి మన చరిత్రలోనికి ఎక్కినది. మన గుమ్మము ముందర పండుకొను కుక్క ఎక్కలేదు. ఈనాడు దాని పూర్వచరిత్రమును గూర్చి నాలుగు మాటలు మనవి చేసెదను.

నా చిన్నతనమున మా యూరి చేలలో ఎరువుకై గొఱ్ఱెల మందను కట్టించుట వాడుక. ఒక రాత్రి తోడేలు మందపై పడగా, కాపరికంటె ముందు మేల్కొన్నది వాని కుక్క. తెల్లవాఱి చూచితిమి గదా, గొఱ్ఱెలన్నియు క్షేమముగా నుండెను. కుక్క మెడమాత్రము చీలియుండెను. కాపరి ఆ గాయమునకు పసుపు అద్ది, తన జొన్నసంకటిలో సగము దాని ముందు పెట్టెను. ఆ రాత్రి పోరాడిన రెండును ఒక్క వంశమువే యని నాకప్పుడు తెలియదు.

కుక్కలన్నియు ప్రాచీనపు తోడేళ్ల సంతతియే యని శాస్త్రజ్ఞులు నిర్ణయించిరి. అయితే మన మెట్టలలో తిరుగు తోడేలు దానికి తాత కాదు, దూరపు దాయాది. మన దేశపు తోడేలు మిగిలిన తోడేళ్లనుండి అతిపూర్వముననే వేఱుపడిన శాఖ. ఆసియా ఖండపు తూర్పుభాగమున నుండిన ప్రాచీనపు తోడేళ్లకే కుక్క దగ్గఱి చుట్టమని 2022లో వెలువడిన పరిశోధన తెలుపుచున్నది. మనుష్యులు వేటాడి విడిచిన ఎముకలకై విడిదులచుట్టు తిరిగిన తోడేళ్లలో బెదరు తక్కువగలవి క్రమముగా చేరువైనవని కొందఱును, మనుష్యులే వాని పిల్లలను తెచ్చి పెంచిరని కొందఱును చెప్పుదురు. ఎట్లైనను ఆ చెలిమి 14,000 ఏండ్లకు పూర్వముననే కుదిరినది. అప్పటికి నాగలి లేదు. కొట్టమున ఆవు లేదు. గొఱ్ఱెల మందయు లేదు. మన యిండ్ల పశువులన్నిటిలో మొదట వచ్చినది కుక్కయే.

దీనికొక గట్టి సాక్ష్యము కలదు. 1914లో జర్మనీ దేశమున ఓబర్‌కాసెల్ అనుచోట రాతిగనిలో పనివాండ్రకు ఒక సమాధి కనబడెను. అందు ఒక పురుషుడు, ఒక స్త్రీ, వారితో ఒక కుక్కపిల్ల. దానికి ఏడు మాసముల వయస్సు. దంతములను పరీక్షించినవారు, అది కొన్ని వారములపాటు తీవ్రమైన జబ్బుతో నుండెననియు, ఎవరో దగ్గఱనుండి ఉపచారము చేయనిదే అన్నాళ్లు బ్రదికియుండదనియు తేల్చిరి. జబ్బుపడిన కుక్కపిల్ల వేటకు పనికిరాదు, కావలికిని పనికిరాదు. అయినను సాకిరి. ప్రయోజనమునకు మించిన ప్రేమ అప్పుడే యుండెనన్నమాట.

మనుష్యుడు సేద్యము నేర్చిన పిమ్మట కుక్క దేహమే మాఱినది. పిండిపదార్థమును అరగించుకొనుటకు తోడ్పడు ఒకానొక జన్యువు తోడేలునకు రెండు ప్రతులే యుండగా, కుక్కలకు నాలుగు మొదలు ముప్పది వఱకు గలవని 2013లో స్వీడను దేశపు పరిశోధకులు కనుగొనిరి. మన గంజియు మన సంకటియు తిని అది మన యింటిదైనది. 

మన దేశమునను ఈ బంధము ప్రాచీనమైనదే. మాచర్ల ప్రాంతపు నాగార్జునకొండ లోయ జలాశయమున మునుగుటకు ముందు, 1954 మొదలు 1960 వఱకు జరిగిన త్రవ్వకములలో క్రొత్తరాతియుగపు జనుల జాడలు బయల్పడినవి. ఆ యుగముననే కాశ్మీరమున బుర్జహోమ్ అనుచోట మనుష్యులతోపాటు కుక్కలను పూడ్చిరి. సింధునాగరికతకు చెందిన చన్హుదారోలో, ఆరని యిటుకపై పిల్లి అడుగులును, దానిని తరిమిన కుక్క అడుగులును పడి నేటికిని నిలిచియున్నవి.

వీరులకు గుడికట్టి పూజించు పల్నాటివారికి ప్రీతికరమైన కథ పొరుగున నున్న కన్నడదేశమున గలదు. 949లో తక్కోలపు యుద్ధమున పరాక్రమించిన మణలేరుడను వీరుని, గాంగరాజు బూతుగుడు వరము కోరుమనగా, అతడు కాళి యను వేటకుక్కను కోరెను. ఆ కుక్క యొక పెద్ద అడవిపందితో పోరాడి, దానిని చంపి తానును చచ్చెను. దాని పేర ఆతకూరున వీరశిల నిలిపి, పూజకై మాన్యమొసగిరి. ఆ శిల నేడు బెంగుళూరు ప్రదర్శనశాలలో నున్నది.

ఇక మన మాట. మందను కాచిన ఆ కుక్కనే, అది ముసలిదైన పిమ్మట, మేము పిల్లలము రాళ్లతో కొట్టితిమి. ఆ కొట్టినవారిలో నేనును ఒకడను. కొలదిదినములకే దేవాలయపు అరుగుపై ఒక పెద్దలు ఆదిపర్వము చదువుచు, జనమేజయుని తమ్ములు నిరపరాధియైన కుక్కపిల్లను కొట్టుటయు, దాని తల్లి సరమ యాగశాలకు వచ్చి నిలదీయుటయు వినిపించిరి. నేను తల యెత్తలేకపోతిని. నన్నయగారు భారతకథకు ఆదిలోనే ఆ ఘట్టమును నిలిపిరి; కడపట ధర్మరాజు కుక్కను విడిచి స్వర్గమునకు రానన్నాడు.

దయ యొక్కటే చాలదు, జాగ్రత్తయు కావలయును. పిచ్చికుక్క కాటువలన గలుగు జబ్బు పైకి పొడచూపిన పిమ్మట బ్రదుకుట మిక్కిలి అరుదు. 1885లో పాశ్చరు మహాశయుడు కనిపెట్టిన టీకా 1907లో నీలగిరులలోని కూనూరునకు వచ్చినది. నేడు ప్రభుత్వాసుపత్రులలోనే లభించును. కఱచినచోట కారము, సున్నము, పసరు పెట్టక, సబ్బుతో పదునైదు నిమిషములు పాఱు నీట కడిగి, నాడే ఆసుపత్రికి పోవలయును. కుక్కలకును ముందుగా టీకా వేయింపవలయును. కాటునకు భయపడి ఊరికుక్కలన్నిటికిని విషము పెట్టుట ధర్మమును కాదు, ఉపాయమును కాదు.

అడవిని విడిచి మనలను నమ్మి వచ్చిన ప్రాణి యిది. దాని మాటను అది నేటికిని తప్పలేదు. మన మాటను నిలుపుకొనుట గ్రామపెద్దలైన మీ చేతిలో నున్నదని మనవి చేయుచు సెలవు తీసికొనుచున్నాను.