ప్రధానికి ఫిర్యాదు చేస్తే ఎక్కడికి వెళ్తుంది? లోక్ కల్యాణ్ మార్గ్, పీఎంవో గురించి తెలుసుకోవాల్సిన విషయాలు

‘ఎవరూ పట్టించుకోకపోతే నేరుగా ప్రధానికే రాసెయ్’ అనే మాట మనం తరచూ వింటుంటాం. పీఎఫ్ డబ్బులు ఆగిపోయినా, పింఛను రాకపోయినా, ఇంట్లో ఒకరికి గుండె ఆపరేషన్ అవసరమై చేతిలో డబ్బు లేకపోయినా చాలామందికి చివరి ఆశగా కనిపించేది ప్రధాని కార్యాలయమే. రాయడం తేలికే. ఎక్కడికి రాయాలి, ఏం జత చేయాలి, ఏ సమస్యకు అది సరైన దారి కాదు అనేవి తెలియకపోతే మాత్రం విలువైన రోజులు వృథా అవుతాయి. ఆస్పత్రి ఖర్చుల విషయంలో ఆ ఆలస్యం ప్రాణం మీదకే రావచ్చు. అందుకే ప్రధాని ఉండే ఇల్లు, పనిచేసే ఆఫీసు, సామాన్యుడి అర్జీ నడిచే దారి గురించి ఒక్కొక్కటిగా చూద్దాం.

ఇల్లు వేరు, ఆఫీసు వేరు

భారత ప్రధాని అధికారిక నివాసం న్యూఢిల్లీలోని 7, లోక్ కల్యాణ్ మార్గ్. 2016 సెప్టెంబర్ వరకు ఈ రోడ్డు పేరు రేస్ కోర్స్ రోడ్. పాత వార్తల్లో కనిపించే ‘7 ఆర్‌సీఆర్’ ఇదే. దగ్గర్లోని మెట్రో స్టేషన్ పేరు కూడా ఆ తర్వాత లోక్ కల్యాణ్ మార్గ్‌గా మారింది.

ఇది ఒక్క బంగళా కాదు. 1, 3, 5, 7, 9 నంబర్లున్న ఐదు బంగళాల సముదాయం. సుమారు 12 ఎకరాల్లో ఉంటుంది. ఐదు ఉన్నాయి కాబట్టే ‘పంచవటి’ అనే పేరు వచ్చింది. నివాసంతో పాటు ఇక్కడ ఆఫీసు గదులు, సమావేశ మందిరాలు, భద్రతా సిబ్బంది విభాగం, హెలిప్యాడ్ ఉన్నాయి. కేబినెట్ భేటీలు, ఉన్నత స్థాయి సమీక్షలు కూడా తరచూ ఇక్కడే జరుగుతాయి.

ప్రధాని కార్యాలయం, అంటే పీఎంవో, వేరే చోట ఉంటుంది. దశాబ్దాల పాటు రైసినా హిల్‌పై ఉన్న సౌత్ బ్లాక్ నుంచే అది పనిచేసింది. సెంట్రల్ విస్టా ప్రాజెక్టులో భాగంగా నిర్మించిన కొత్త కార్యాలయ సముదాయానికి 2025 డిసెంబర్‌లో ‘సేవా తీర్థ్’ అని పేరు పెట్టారు. కాబట్టి పోస్టులో అర్జీ పంపేవారు పాత కవరు మీదున్న అడ్రస్ చూసి రాయకుండా, ఆ రోజు పీఎంవో వెబ్‌సైట్‌లో ఉన్న చిరునామానే తీసుకోవాలి.

మొదటి నుంచీ ఇదే ఇల్లా?

కాదు. నెహ్రూ 1948 నుంచి 1964లో మరణించే వరకు తీన్ మూర్తి భవన్‌లో ఉన్నారు. లాల్ బహదూర్ శాస్త్రి 10, జన్‌పథ్‌లో, ఇందిరా గాంధీ 1, సఫ్దర్‌జంగ్ రోడ్డులో నివసించారు. 1984 అక్టోబర్ 31న ఇందిర హత్య జరిగింది ఆ ఆవరణలోనే. ఆ తర్వాత ప్రధాని భద్రత గురించిన ఆలోచనే మారిపోయింది. 1985లో స్పెషల్ ప్రొటెక్షన్ గ్రూప్ (ఎస్పీజీ) ఏర్పడింది. 1988లో దానికి చట్టం వచ్చింది.

రేస్ కోర్స్ రోడ్డు ఇంట్లో ముందుగా ఉన్న ప్రధాని రాజీవ్ గాంధీ. దాన్ని ప్రధానుల శాశ్వత అధికారిక నివాసంగా నిర్ణయించింది 1990లో, వీపీ సింగ్ హయాంలో. మన పీవీ నరసింహారావు 1991 నుంచి 1996 వరకు ప్రధానిగా ఉన్న కాలంలో అక్కడే ఉన్నారు.

వెళ్లి చూడొచ్చా?

లోక్ కల్యాణ్ మార్గ్ సముదాయంలోకి సాధారణ ప్రజలకు ప్రవేశం లేదు. ముందస్తు అపాయింట్‌మెంట్, భద్రతా అనుమతి ఉన్నవారినే పంపుతారు. గేటు దగ్గరికి వెళ్లి అర్జీ ఇచ్చి రావచ్చనుకుని ఢిల్లీ రైలెక్కితే ప్రయాణ ఖర్చే మిగులుతుంది. ప్రధానుల చరిత్ర చూడాలనుకుంటే తీన్ మూర్తి ప్రాంగణంలో 2022 ఏప్రిల్‌లో ప్రారంభమైన ‘ప్రధానమంత్రి సంగ్రహాలయ’ ఉంది. టికెట్ తీసుకుని ఎవరైనా వెళ్లొచ్చు.

పీఎంవో అసలు ఏం చేస్తుంది?

దీన్ని ఒకప్పుడు ప్రధానమంత్రి సచివాలయం అనేవారు. 1977లో మొరార్జీ దేశాయ్ ప్రభుత్వంలో ‘ప్రధానమంత్రి కార్యాలయం’గా పేరు మారింది. మంత్రిత్వ శాఖల నుంచి ప్రధాని దగ్గరికి రావాల్సిన ఫైళ్లను చూడటం, శాఖల మధ్య సమన్వయం, నిర్ణయాల అమలుపై నిఘా దీని ప్రధాన పనులు. ప్రిన్సిపల్ సెక్రటరీ అధికార యంత్రాంగానికి నేతృత్వం వహిస్తారు.

ఇక్కడే ఒక విషయం అర్థం చేసుకోవాలి. మీ పాస్‌పోర్టు ఇచ్చేది, పీఎఫ్ క్లెయిమ్ పాస్ చేసేది పీఎంవో కాదు. మీ ఫిర్యాదును సంబంధిత శాఖకు పంపుతుంది, అంతే. పరిష్కారం, జవాబు రావాల్సింది ఆ శాఖ నుంచే.

ఫిర్యాదు ఎలా చేయాలి?

పీఎంవో వెబ్‌సైట్‌లో ప్రధానికి రాయడానికి ప్రత్యేక విభాగం ఉంది. అక్కడ నమోదు చేసిన ఫిర్యాదు కేంద్ర ప్రభుత్వ ఫిర్యాదుల వ్యవస్థ ‘సీపీగ్రామ్స్’లోకి వెళ్తుంది. నేరుగా సీపీగ్రామ్స్ పోర్టల్‌లోనూ పెట్టొచ్చు. పోస్టులో పంపినా తీసుకుంటారు.

- ఫీజు లేదు. ఎవరైనా డబ్బు అడిగితే అది మోసమే.
- సమస్యను నాలుగైదు వాక్యాల్లో రాయండి. తేదీలు, దరఖాస్తు నంబర్లు, ముందుగా ఏ ఆఫీసులో అడిగారో తప్పకుండా చెప్పండి.
- సంబంధిత పత్రాలు జత చేయండి.
- నమోదు కాగానే రిజిస్ట్రేషన్ నంబర్ వస్తుంది. స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి. స్టేటస్ చూడాలన్నా, అప్పీల్ చేయాలన్నా అదే ఆధారం.

2024 ఆగస్టులో ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం శాఖలు సాధారణంగా 21 రోజుల్లో ఫిర్యాదు పరిష్కరించాలి. ఆలస్యమయ్యేలా ఉంటే మధ్యలో ఆ విషయం తెలపాలి. సరైన జవాబు ఇవ్వకుండానే ‘క్లోజ్’ చేశారనిపిస్తే వదిలేయకండి. ఫీడ్‌బ్యాక్‌లో అసంతృప్తి తెలిపి 30 రోజుల్లోగా అప్పీల్ చేసుకోవచ్చు. చాలామంది ఆగిపోయేది ఈ దశలోనే.

ఏవి తీసుకోరు?

కోర్టులో ఉన్న కేసులు, ఆర్టీఐకి సంబంధించిన విషయాలు, మతపరమైన అంశాలు, సలహాలు ఫిర్యాదులుగా పరిగణించరు. ప్రభుత్వ ఉద్యోగులు సర్వీసు విషయాల్లో ముందు తమ శాఖలోని దారులన్నీ ప్రయత్నించాలి.

రేషన్ కార్డు, భూమి పాస్‌బుక్, పోలీస్ స్టేషన్, మున్సిపాలిటీ వంటివి రాష్ట్ర ప్రభుత్వ పరిధిలోవి. వీటిపై ఢిల్లీకి రాసినా చివరికి హైదరాబాద్‌కో అమరావతికో తిరిగి వస్తాయి. తెలంగాణలో ప్రజాభవన్‌లో, కలెక్టరేట్లలో జరిగే ప్రజావాణి, ఏపీలో కలెక్టరేట్లలో సోమవారాలు నిర్వహించే ప్రజా సమస్యల పరిష్కార వేదిక వీటికి దగ్గరి దారి.

వైద్యానికి సాయం కావాలంటే?

ఇది ఫిర్యాదు కాదు, దీని దారి వేరు. ప్రధానమంత్రి జాతీయ సహాయ నిధి (పీఎంఎన్ఆర్ఎఫ్) నుంచి గుండె శస్త్రచికిత్స, కిడ్నీ మార్పిడి, క్యాన్సర్ వంటి చికిత్సలకు సాయం చేస్తారు. దేశ విభజన సమయంలో పాకిస్థాన్ నుంచి వచ్చిన శరణార్థుల కోసం 1948 జనవరిలో ఈ నిధి మొదలైంది. ప్రజల విరాళాలతోనే నడుస్తుంది, బడ్జెట్ నుంచి డబ్బు రాదు. 2020 మార్చిలో ఏర్పాటైన పీఎం కేర్స్ నిధి వేరు, ఇది వేరు.

దరఖాస్తు ఫారం పీఎంఎన్ఆర్ఎఫ్ వెబ్‌సైట్‌లో ఉంటుంది. దాంతో పాటు ఇవి కావాలి:

- రోగి ఫొటోలు
- నివాస ధ్రువీకరణ పత్రం
- ఆదాయ ధ్రువీకరణ పత్రం
- జబ్బు, ఖర్చు అంచనా తెలిపే ఆస్పత్రి ఒరిజినల్ సర్టిఫికెట్

ముందుగా మూడు విషయాలు చూసుకోండి. ఒకటి, ఆస్పత్రి ప్రభుత్వానిదో, పీఎంఎన్ఆర్ఎఫ్ జాబితాలో ఉన్నదో కావాలి. రెండు, ఆపరేషన్ తేదీకి ముందే దరఖాస్తు చేరాలి. మూడు, సాయం హక్కుగా వచ్చేది కాదు. నిధిలో ఉన్న డబ్బును బట్టి, కేసును బట్టి ఖర్చులో కొంత భాగమే మంజూరు కావచ్చు. మంజూరైన మొత్తం ఆస్పత్రికే వెళ్తుంది.

అందుకే దీని మీదే ఆధారపడి కూర్చోవద్దు. తెలంగాణలో ఆరోగ్యశ్రీ, ఏపీలో ఎన్టీఆర్ వైద్య సేవ, ఆయుష్మాన్ భారత్ కింద ఆ చికిత్స ఉందో లేదో ఆస్పత్రిలోని హెల్ప్‌డెస్క్‌లో మొదట అడగండి. ముఖ్యమంత్రి సహాయ నిధికీ దరఖాస్తు చేయొచ్చు.

పీఎంవోను సమాచారం అడగొచ్చా?

అడగొచ్చు. పీఎంవో కూడా సమాచార హక్కు చట్టం కిందకే వస్తుంది. కేంద్ర ఆర్టీఐ పోర్టల్‌లో రూ.10 ఫీజుతో దరఖాస్తు చేయొచ్చు. దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నవారికి ఫీజు లేదు. 30 రోజుల్లో జవాబివ్వాలి. సమాచారం వేరే శాఖ దగ్గరుంటే ఐదు రోజుల్లో అక్కడికి బదిలీ చేయాలి. ప్రధాని భద్రత చూసే ఎస్పీజీకి మాత్రం ఈ చట్టం నుంచి మినహాయింపు ఉంది.

గుర్తుపెట్టుకోండి

‘పీఎంవోలో మనవాళ్లున్నారు, పని చేయించి పెడతాం’ అంటూ ఫోన్ చేసేవారిని నమ్మొద్దు. వాట్సాప్‌లో వచ్చే లింకుల్లో ఆధార్, బ్యాంకు వివరాలు, ఓటీపీ ఇవ్వొద్దు. ప్రభుత్వ వెబ్‌సైట్ అడ్రస్ ‘డాట్ గవ్ డాట్ ఇన్’తో ముగుస్తుందో లేదో ఒకసారి చూసుకోండి. మోసపోతే ఆలస్యం చేయకుండా సైబర్ హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి.