ధీరేంద్రనాథ్ గంగూలీ: హైదరాబాదు మూకీల ఘట్టం

ధీరేంద్రనాథ్ గంగూలీ (1893–1978) మూకీల కాలపు బెంగాలీ నటుడు, దర్శకుడు. సినీలోకంలో అందరికీ ‘డీజీ’. 1922–24 మధ్య నిజాం రాజధాని హైదరాబాదులో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టి, వరసబెట్టి మూకీలు తీశారు. బెంగాలీ సినిమా చరిత్రల్లో ఈ ఘట్టం రెండు వాక్యాల్లో తేలిపోతుంది. మద్రాసు నుంచి మొదలయ్యే తెలుగు సినిమా చరిత్రల్లో అదీ ఉండదు.

కలకత్తాలో పుట్టి శాంతినికేతన్‌లో చదువుకున్న గంగూలీ హైదరాబాదుకు మొదట వచ్చింది సినిమా కోసం కాదు, చిత్రకళ నేర్పే పంతులుగా. ఆయనకు పేరు తెచ్చినది ‘భావేర్ అభివ్యక్తి’ అనే ఫొటోల పుస్తకం. అందులో రకరకాల వేషాల్లో కనిపించే మనుషులందరూ ఆయనే. మాటలు లేని తెరకు అంతకంటే ఏం కావాలి? 1921లో విడుదలైన ‘బిలాత్ ఫెరత్’లో, విలాయతు వెళ్లొచ్చి దొరల పోకడలు పోయే యువకుడిగా నవ్వించారు.

మరుసటి ఏడాదికే నిజాం అండతో లోటస్ కంపెనీ మొదలైంది. మద్రాసులో రఘుపతి వెంకయ్య, ఆయన కొడుకు ప్రకాశ్ ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీసిన రోజులవి. ‘ఇంద్రజిత్’, ‘హరగౌరి’ లాంటి పురాణాల పక్కనే ‘లేడీ టీచర్’, ‘మ్యారేజ్ టానిక్’ లాంటి సాంఘికాలూ లోటస్ నుంచి వచ్చాయి. గంగూలీ మనసు హాస్యం మీదే ఉండేదని ‘బిలాత్ ఫెరత్’ ముందే చెప్పింది.

కంపెనీని ముంచింది మాత్రం వాళ్లు తీసిన సినిమా కాదు. 1924లో గంగూలీ ఇక్కడ ‘రజియా బేగం’ అనే బొంబాయి చిత్రం ఆడించారు. 1236–40 మధ్య ఢిల్లీని ఏలిన రజియా సుల్తానా పేరుతో వచ్చిన ఆ చిత్రంలో ముస్లిం రాణి హిందువును ప్రేమిస్తుందని చెబుతారు. ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్‌కు కోపం వచ్చింది. రాజ్యం విడిచి పొమ్మని హుకుం జారీ అయింది. అంతటితో లోటస్ మూతపడింది.

కలకత్తా చేరిన గంగూలీ బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ పెట్టారు. దేవకీ బోస్, ప్రమథేశ్ బారువా అందులో చేరారు. టాకీల దెబ్బకు అదీ నిలవలేదు. 1974లో పద్మభూషణ్, 1975కు గాను దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం ఆయనకు దక్కాయి.