ఐబొమ్మ

ఐబొమ్మ తెలుగు చలనచిత్రాలను, వెబ్ సిరీస్‌లను హక్కుదారుల అనుమతి లేకుండా ఉచితంగా అందించిన వెబ్‌సైటు. తెలుగు వాడుకలో "బొమ్మ" అనగా సినిమా. ఓటీటీ వేదికలలో విడుదలైన వాటి స్పష్టమైన ప్రతులు లభించడం వలన ఇది ప్రాచుర్యం పొందింది. 2025 నవంబరులో హైదరాబాదు సైబర్ క్రైమ్ పోలీసులు దీని నిర్వాహకుడన్న ఆరోపణపై ఒక వ్యక్తిని కూకట్‌పల్లిలో అరెస్టు చేశారు. తరువాత ఈ సైటు మూతపడింది.

కారణాలు

సాధారణంగా ఒక్కొక్క సిరీస్ ఒక్కొక్క వేదికలో మాత్రమే లభిస్తుంది. కావలసినవన్నీ చూడాలంటే ఆహా, ఈటీవీ విన్, అమెజాన్ ప్రైమ్ వీడియో, నెట్‌ఫ్లిక్స్ వంటి సంస్థలకు వేర్వేరుగా చందా చెల్లించాలి. 2016లో జియో రాకతో మొబైల్ డేటా చవకైంది. చందాల భారం మాత్రం పెరిగింది. ఈ వ్యత్యాసమే అనేకులను పైరసీ వైపు నడిపింది.

నష్టాలు

పైరసీ వలన నిర్మాతలు, సాంకేతిక నిపుణులు ఆదాయం కోల్పోతారు. వీక్షకునికీ ఇది నిజంగా ఉచితం కాదు. ఐబొమ్మ వీక్షకులను బెట్టింగ్ యాప్‌ల వైపు మళ్ళించిందని, సుమారు 50 లక్షల మంది వివరాలు నిందితుని వద్ద ఉన్నాయని పోలీసులు ప్రకటించారు. అటువంటి వివరాలు మోసగాళ్ళ చేతికి చిక్కితే ఆర్థిక నేరాలకు దారితీస్తాయి.

చట్టం

కాపీరైటు చట్టం (1957) 63వ సెక్షను ప్రకారం, లాభాపేక్షతో చేసే ఉల్లంఘనకు 6 నెలల నుండి 3 సంవత్సరాల వరకు జైలుశిక్ష, 50 వేల నుండి 2 లక్షల రూపాయల వరకు జరిమానా విధించవచ్చు. అయితే ఒక సైటును నిరోధించినా అదే సరుకు మరో చిరునామాతో తిరిగి రావడం సాధారణం.