మోటారు ప్రమాదములు – అప్పీలు హక్కు



వేసవి ప్రవేశించినది మొదలు నూజివీడు, ఆగిరిపల్లి, విస్సన్నపేట ప్రాంతముల త్రోవలు రసాలు, బంగినపల్లి, కలెక్టరు కాయల బండ్లతో నిండిపోవును. పూర్వము అవి ఎద్దుబండ్లు. నేడు లారీలు, ట్రాక్టర్లు, ఆటోలు. కాయ కోయువాడు, మోయువాడు, తోట కొన్న వర్తకుడు అందఱును ఆ త్రోవలనే పోవలెను. బండి బోల్తాపడినప్పుడు మరణించినవారిని గూర్చి లోకము తలంచును. కాలో చేయో పోగొట్టుకొని బ్రతికినవానిని త్వరలోనే మఱచును. అట్టివానికి చట్టమేమి చేసినది? ఇచ్చిన పరిహారము చాలదని తోచినప్పుడు పైకోర్టునకు పోవు హక్కు ఎట్లు సంక్రమించినది? ఈ చరిత్రను నేడు మీకు మనవి చేయుదును.

1855 నాటి ప్రాణాపాయ ప్రమాదముల చట్టము మృతుల కుటుంబములకు మాత్రమే ఉపకరించెను. గాయపడినవాడు సివిలు కోర్టులో దావా వేయవలసి యుండెను. కోరిన సొమ్మునుబట్టి రుసుము చెల్లింపవలసి యుండెను. రెక్కాడినగాని డొక్కాడని కూలివానికి ఇది సాధ్యమగునా? 1939లో మోటారు వాహనముల చట్టము వచ్చెను. అందలి నిర్బంధ ఇన్సూరెన్సు నియమములు 1946 జూలై 1 నుండి అమలు జరిగెను. బండి యజమాని బీదవాడైనను పరిహారమిచ్చుటకు కంపెనీ యొకటి వెనుక నిలిచెను. 1956లో చేసిన సవరణ ప్రత్యేక ట్రిబ్యునళ్లకు దారి తీసెను. ఆ ట్రిబ్యునలు తీర్పుపై 90 దినములలో హైకోర్టునకు అప్పీలు చేసికొను హక్కును గూడ అదియే ఇచ్చెను.

మనవారి హైకోర్టు చోటు సైతము మాఱుచు వచ్చినది. మొదట మద్రాసు, 1954 జూలై నుండి గుంటూరు, 1956 నవంబరు నుండి హైదరాబాదు, 2019 జనవరి 1 నుండి అమరావతి. తీర్పు కాగితము చేతబట్టుకొని మద్రాసు పోవలసిన కాలమునకును, ఉదయము బయలుదేఱి సాయంకాలమునకు ఇల్లు చేరగల కాలమునకును ఎంత అంతరమో పెద్దలు గ్రహింతురు గాక.

1939 నాటి చట్టమునకు బదులుగా వచ్చిన 1988 నాటి చట్టము 1989 జూలై 1 నుండి అమలులోనికి వచ్చినది. అందును అప్పీలునకు 90 దినములే గడువు. తగిన కారణము చూపినచో కోర్టు ఆలస్యమును మన్నింపవచ్చును. కాని ఆ మన్నింపును నమ్ముకొని కూర్చుండరాదు. వివాదములోని సొమ్ము పదివేల రూపాయలకు తక్కువైనచో అప్పీలు లేదని తొలుత నుండెను. 2022 ఏప్రిలు నుండి ఆ హద్దు లక్ష రూపాయలైనది. సొమ్ము చెల్లింపవలసినవారు అప్పీలు చేయదలచినచో 25,000 రూపాయలు గాని, తీర్పు సొమ్ములో సగము గాని, ఏది తక్కువో దానిని ముందుగా కట్టవలెను. గాయపడినవానికి ఆ నిర్బంధము లేదు.

ఇక అప్పీలులో తేలవలసినదేమి? 2010లో సుప్రీంకోర్టు ఒక ముఖ్యసూత్రమును స్పష్టపఱచెను. వైద్యుడు చెప్పిన వైకల్యపు శాతము వేఱు, సంపాదనలో కలిగిన నష్టము వేఱు. ఎడమచేయి పోయినచో వడ్రంగికి వృత్తియే పోవును; గుమాస్తాకు అంత నష్టముండదు. మన తోటలకు దీనిని అన్వయింతము. 38 ఏండ్ల కాయకోత కూలి నెలకు పదివేలు సంపాదించుచుండెననుకొనుడు. ఆ వయస్సునకు గుణకము 15. కాలు నలుబది పాళ్లు చెడెనని వైద్యుడు వ్రాయగా, ట్రిబ్యునలు అదే లెక్క పట్టినచో సంపాదన నష్టము 7 లక్షల 20 వేలు. కాని చెట్టెక్కలేనివానికి, చిక్కము పట్టి తోటంతయు తిరుగలేనివానికి ఎనుబది పాళ్లు పని పోయెనని ఋజువైనచో అది 14 లక్షల 40 వేలగును. వైద్యపు ఖర్చులు, బాధకిచ్చు సొమ్ము మొదలైనవి వేఱు. రెండు లెక్కల నడుమ ఒక కుటుంబపు జీవనమే ఉన్నది. కోరినదానికంటె ఎక్కువ ఇచ్చుటకు చట్టము అడ్డురాదని, న్యాయమైన పరిహారమే ప్రధానమని 2002 డిసెంబరులోనే సుప్రీంకోర్టు చెప్పియున్నది.

అప్పీలు వేసినంతమాత్రమున సొమ్ము పెరుగునని నేననను. ఋజువు లేని కష్టము కోర్టు కంటికి కనబడదు. ఆసుపత్రి చీట్లు, మందుల రసీదులు, వైకల్య పత్రము, వైద్యుని సాక్ష్యము, చేసిన పనిని గూర్చి తోటయజమాని సాక్ష్యము, ఇవన్నియు ట్రిబ్యునలులోనే పడియుండవలెను. పునాది అచ్చట వేసిననే పైకోర్టులో గోడ నిలుచును.

గ్రామపెద్దలకు నా విన్నపమొక్కటి. గాయపడినవాడు మీ యొద్దకు వచ్చినప్పుడు "వచ్చినదానితో తృప్తిపడుము, కోర్టుల చుట్టు తిరుగకుము" అని చెప్పుట సులభము. అంతకు ముందు తీర్పు తేదీ యేదో అడుగుడు. తొంబది దినములు లెక్కింపుడు. కూలివాని పనిని తీర్పులో సరిగా ఎంచిరో లేదో చదివింపుడు. 1987 నాటి న్యాయసేవల చట్టమునుబట్టి స్త్రీలకు, షెడ్యూల్డు కులములు తెగలవారికి, అంగవైకల్యము గలవారికి, స్వల్పాదాయము గలవారికి ఉచితముగా న్యాయవాది లభించును, హైకోర్టులోను లభించును. తృప్తిపడవలెనో, పోరాడవలెనో అతడే నిర్ణయించుకొనుగాక. గడువు దాటిన పిమ్మట ఆ నిర్ణయము అతని చేతిలో నుండదు.